డన్‌బార్ హైస్కూలు: ఆ ఘనత ఎవరిది?

అమెరికా రాజధాని వాషింగ్టన్‌లో, 1870లో, ఒక చర్చి నేలమాళిగలో నల్లజాతి పిల్లలకు హైస్కూలు పెట్టారు. నల్లవారి కోసం ప్రభుత్వ ఖర్చుతో నడిచిన హైస్కూళ్ళలో దేశం మొత్తానికి అదే మొదటిది. 1891లో సొంత భవనంలోకి మారి ఎం స్ట్రీట్ హైస్కూలు అయింది. 1916లో అంతకంటే పెద్ద భవనం వచ్చినప్పుడు, పదేళ్ళ కిందట చిన్న వయసులోనే కన్నుమూసిన నల్లజాతి కవి పాల్ లారెన్స్ డన్‌బార్ పేరు పెట్టారు. రక్తంలోని ప్లాస్మాను వేరుచేసి పెద్దఎత్తున నిలవచేసే పద్ధతికి ఒక రూపం తెచ్చిన డాక్టర్ చార్లెస్ డ్రూ ఆ బడి విద్యార్థి. ఫెడరల్ కోర్టులో మొదటి నల్లజాతి జడ్జి విలియం హేస్టీ, సైన్యంలో మొదటి నల్లజాతి జనరల్ బెంజమిన్ డేవిస్, కేంద్ర మంత్రివర్గంలో మొదటి నల్లజాతి సభ్యుడు రాబర్ట్ వీవర్, ప్రజల ఓట్లతో సెనేట్‌కు గెలిచిన మొదటి నల్లజాతి నాయకుడు ఎడ్వర్డ్ బ్రూక్ కూడా అక్కడ చదివినవాళ్ళే.

ఈ బడి చుట్టూ యాభై ఏళ్ళకు పైగా వాదం నడుస్తోంది. బయట అన్ని తలుపులూ మూసివున్న రోజుల్లో ఇంత చదువు ఎలా సాగింది? 1954లో బ్రౌన్ కేసులో సుప్రీంకోర్టు వేరు బడులు చెల్లవని తీర్పిచ్చాక అదే బడి కొద్ది ఏళ్ళలోనే ఎందుకు దిగజారింది? ఈ రెండు ప్రశ్నల్నీ ముడిపెట్టి, విడిగా ఉన్నప్పుడే నల్లవారి చదువు బాగుండేదని తేల్చేసేవాళ్ళున్నారు. అది తప్పని నేను గట్టిగా నమ్ముతున్నాను. ఆ బడిని నిలబెట్టింది అందులో పాఠాలు చెప్పిన టీచర్లు, కడుపు కట్టుకుని పిల్లల్ని చదివించిన తల్లిదండ్రులు. వివక్ష చేసిన మేలేమీ లేదు. 1954 తర్వాత నల్లపిల్లలు పోగొట్టుకున్నది కూడా ఆ టీచర్లనే. డన్‌బార్ ఒక్కదాన్నే చూస్తే ఈ సంగతి పూర్తిగా కనపడదు. దక్షిణాది చిన్న పట్టణాల బడుల్ని కూడా దాని పక్కన పెట్టి చూడాలి.

అలెక్స్ హేలీ నవల సహవాసి అనువాదంలో 'ఏడు తరాలు'గా వచ్చాక బానిసత్వం సంగతి తెలుగు పాఠకులకు బాగానే తెలిసింది. బానిసత్వం పోయిన తర్వాత నడిచిన మరో నూరేళ్ళ కథ మాత్రం మనదాకా అంతగా రాలేదు. 1865లో బానిసత్వం రద్దయింది. కొన్నాళ్ళపాటు నల్లవారికి ఓటూ బడీ పదవీ దక్కాయి. 1870ల చివరి నుంచి దక్షిణాది రాష్ట్రాలు వాటిని ఒక్కొక్కటిగా లాగేసుకున్నాయి. 1896లో ప్లెసీ కేసులో సుప్రీంకోర్టు, సదుపాయాలు సమానంగా ఉంటే రెండు జాతుల్నీ వేరుగా ఉంచడం తప్పు కాదంది. కేసు రైలుపెట్టె గురించే అయినా తీర్పు బడికీ ఆస్పత్రికీ శ్మశానానికీ పాకింది. ఆ 'సమానం' విలువెంతో మూడేళ్ళకే బయటపడింది. జార్జియాలోని ఆగస్టా పట్టణంలో నల్లపిల్లలకు వేర్ హైస్కూలు అనే ప్రభుత్వ బడి ఉండేది. చిన్నపిల్లల బడులకు డబ్బు చాలడం లేదన్న సాకుతో స్కూలు బోర్డు 1897లో దాన్ని మూసేసింది. తెల్లపిల్లల హైస్కూలు చదువుకు సాయం మాత్రం ఆపలేదు. నల్లజాతి తల్లిదండ్రులు కోర్టుకెక్కారు. 1899లో సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా బోర్డు వైపే నిలిచింది. తీర్పు రాసింది, ప్లెసీ కేసులో ఒంటరిగా ఎదురు నిలిచిన జస్టిస్ హార్లన్. నల్లపిల్లలకు హైస్కూలు ఇస్తే దయ, ఇవ్వకపోతే అడిగే దిక్కులేదు అన్నది ఆ రోజుతో ఖాయమైంది.

ఆ తర్వాత దక్షిణాదిలో ఒక్కో హైస్కూలూ ఒక్కో పోరాటం. చరిత్రకారుడు జేమ్స్ ఆండర్సన్ 1988లో అచ్చయిన పుస్తకంలో ఈ సంగతి వివరంగా చూపించాడు. నల్లవారు అందరిలాగే పన్నులు కట్టారు. ఆ డబ్బు తెల్లపిల్లల బడులకు పోతే, తమ పిల్లల బడి కోసం మళ్ళీ చందాలు వేసుకున్నారు. ఒకే చదువుకు రెండుసార్లు చెల్లించారన్నమాట. సియర్స్ కంపెనీ అధిపతి జూలియస్ రోసెన్‌వాల్డ్ పెట్టిన నిధితో 1932 నాటికి దాదాపు 5 వేల బడులు లేచాయి. ఆ నిధి నుంచి డబ్బు రావాలంటే ఊరివాళ్ళు ముందు తమ వంతు చూపించాలి. కొందరు భూమి రాసిచ్చారు, కొందరు కలప కొట్టి తెచ్చారు, ఏమీ లేనివాళ్ళు ఒళ్ళు వంచి పనిచేశారు. అట్లాంటాలో నల్లవారు ఓటును ఆయుధం చేసుకున్నారు. తమ పిల్లలకు వాటా లేని బాండ్ల ప్రతిపాదనను 1919లో ఓడించడంలో చేయి కలిపారు. హైస్కూలు కడతామన్న మాట తీసుకున్నాకే 1921లో ఒప్పుకున్నారు. అలా 1924లో బుకర్ టి. వాషింగ్టన్ హైస్కూలు తెరుచుకుంది. మార్టిన్ లూథర్ కింగ్ చదివింది అక్కడే.

వాషింగ్టన్ సంగతి కొంచెం వేరు. ఆ నగరం నేరుగా కాంగ్రెస్ పాలన కింద ఉండేది. 1862లో అక్కడ బానిసత్వం రద్దయిన కొద్ది వారాలకే నల్లవారి ఆస్తిపన్నులో కొంత భాగం వాళ్ళ బడులకు కేటాయిస్తూ చట్టం వచ్చింది. నల్లవారి ఉన్నత చదువుకు నిలయమైన హోవర్డ్ యూనివర్సిటీ 1867లో అక్కడే పుట్టింది. ప్రభుత్వ కొలువుల్లో గుమాస్తాలుగా, బంట్రోతులుగా చేరిన నల్లవారికి నెలనెలా జీతం ఉండేది. అన్నిటికంటే ముఖ్యం, నల్లవారి బడుల్లో పనిచేసే టీచర్లకూ తెల్లవారి బడుల్లోని టీచర్లకూ జీతాల స్కేలు ఒకటే. దక్షిణాదిలో దీన్ని కోర్టుకు వెళ్ళి సాధించుకోవలసి వచ్చింది. ఆర్కాన్సాలోని లిటిల్ రాక్‌లో అదే కవి పేరున్న మరో డన్‌బార్ హైస్కూలు ఉండేది. అక్కడి ఇంగ్లీషు టీచరు స్యూ మోరిస్ సమాన జీతం కోసం 1942లో దావా వేస్తే, 1945లో పై కోర్టులో గెలిచేలోపు ఉద్యోగమే ఊడింది.

జీతం ఒక ఎత్తు. చదువుకున్న నల్లవారికి ఇంకెక్కడా తావు లేకపోవడం మరో ఎత్తు. కార్టర్ వుడ్సన్ 1912లో హార్వర్డ్ నుంచి చరిత్రలో డాక్టరేటు తీసుకునే నాటికి ఎం స్ట్రీట్‌లో పాఠాలు చెబుతున్నాడు. తెల్లవారి యూనివర్సిటీలు ఆయన్ని అధ్యాపకుడిగా తీసుకోవు. నవలా రచయిత్రి జెస్సీ ఫాసెట్ ఇక్కడ ఫ్రెంచి, లాటిన్ నేర్పారు. కవయిత్రి ఏంజెలీనా వెల్డ్ గ్రిమ్కే ఇంగ్లీషు చెప్పారు. 1921లో అమెరికాలో మొట్టమొదటిసారి ముగ్గురు నల్లజాతి స్త్రీలకు పీహెచ్‌డీ వచ్చింది. జార్జియానా సింప్సన్, ఈవా డైక్స్, సేడీ అలెగ్జాండర్ అనే ఆ ముగ్గురికీ టీచరుగానో విద్యార్థిగానో ఈ బడితో అనుబంధం ఉంది. ఇంకోచోట ప్రొఫెసర్లు కావలసినవాళ్ళు ఇక్కడ పద్నాలుగేళ్ళ పిల్లలకు వ్యాకరణం చెప్పారు. దీన్ని తలచుకుని మురిసిపోయేవాళ్ళు ఒక సంగతి మరవకూడదు. ఆ పిల్లలకు కలిగిన మేలు ఆ టీచర్లకు జరిగిన అన్యాయం నుంచి వచ్చింది.

అందరిలోకీ నన్ను ఎక్కువగా నిలేసే మనిషి ఆనా జూలియా కూపర్. 1858లో నార్త్ కరోలినాలో బానిస తల్లికి పుట్టారు. ఓబర్లిన్ కాలేజీలో బీఏ, తర్వాత ఎమ్మే పట్టాలు పుచ్చుకున్నారు. 1887లో ఈ బడిలో చేరి 1902లో ప్రిన్సిపాల్ అయ్యారు. అప్పుడు దేశమంతా ఒక చర్చ జోరుగా సాగుతోంది. నల్లవారికి చేతిపనులు నేర్పితే చాలు, కడుపు నిండుతుంది అన్నది నల్లజాతి విద్యావేత్త బుకర్ టి. వాషింగ్టన్ పేరుతో చెలామణి అయిన వాదం. ఉన్నత విద్య లేనిదే జాతికి నాయకత్వం రాదన్నది నల్లజాతి మేధావి డుబోయిస్ వాదం. వాషింగ్టన్ నగరంలో ఈ తగాదా ఇటుకల రూపం కూడా తీసుకుంది. ఎం స్ట్రీట్‌కు దగ్గర్లోనే 1902లో చేతిపనుల బడిగా ఆర్మ్‌స్ట్రాంగ్ స్కూలు వెలిసింది. దాని ప్రారంభసభలో మాట్లాడింది బుకర్ టి. వాషింగ్టనే. కొద్దినెలలకు డుబోయిస్ వచ్చి ఎం స్ట్రీట్ పిల్లలతో మాట్లాడాడు.

కూపర్ పక్షం తేలికగానే తెలుస్తుంది. లాటిన్, గ్రీకు, ఫ్రెంచి, రేఖాగణితం తగ్గించడానికి ఆమె ఒప్పుకోలేదు. పిల్లల్ని హార్వర్డ్, యేల్, బ్రౌన్, ఓబర్లిన్ లాంటి చోట్లకు నేరుగా పంపించే స్థాయికి బడిని తెచ్చారు. పై అధికారికి ఇది రుచించలేదు. పాఠ్యక్రమం గురించిన వైరం క్రమశిక్షణ సరిగా లేదన్న అభియోగంగా మారింది. తర్వాత ఆమె సొంత జీవితం మీద పుకార్లు పుట్టాయి. 1906లో ఆమెను తిరిగి నియమించలేదు. ముందు గౌరవం తగ్గించి, తర్వాత పేరు చెడగొట్టి, చివరకు పొమ్మనకుండా పొగబెట్టారు. నాలుగేళ్ళు మిస్సోరీలో పనిచేసి, 1910లో అదే బడికి మామూలు లాటిన్ టీచరుగా తిరిగొచ్చారు. తాను ప్రిన్సిపాల్‌గా కూర్చున్న చోట మరొకరి కింద పాఠం చెప్పడానికి సిద్ధపడ్డారంటే ఆ బడి మీద ఆమెకున్న పట్టుదల ఎంతటిదో ఊహించవచ్చు. యాభై ఏడో ఏట, తల్లిని పోగొట్టుకున్న బంధువుల పిల్లలు ఐదుగురిని తెచ్చి పెంచుకున్నారు. ఇంటి బాధ్యతా బడి పనీ మోస్తూనే, ఫ్రెంచి విప్లవకాలంలో బానిసత్వం పట్ల ఫ్రాన్సు వైఖరి మీద ఫ్రెంచిలో సిద్ధాంతవ్యాసం రాసి 1925లో పారిస్‌లోని సోర్బాన్ నుంచి డాక్టరేటు తీసుకున్నారు. అప్పటికి ఆమెకు అరవై ఆరేళ్ళు. 105 ఏళ్ళు బతికి 1964లో పోయారు.

ఈ బడి మీద వచ్చిన రాతల్లో మేరీ గిబ్సన్ హండ్లీ 1965లో రాసిన 'ది డన్‌బార్ స్టోరీ' మొదటి వరుసలోది. ఆమె అక్కడే చదివి, అక్కడే టీచరుగా పనిచేశారు. పుస్తకంలో ప్రేమ పాలు ఎక్కువైనా, ఆమె కూడబెట్టిన లెక్కలు లేకపోతే తర్వాతివాళ్ళకు ఆధారమే లేదు. ఆమ్‌హర్స్ట్ కాలేజీ 1892, 1954 మధ్య ఈ బడి నుంచి 34 మందిని చేర్చుకుందని మనకు తెలిసింది అలాంటి లెక్కల వల్లే. డ్రూ, హేస్టీ, లాయరు చార్లెస్ హ్యూస్టన్ ముగ్గురూ ఆ ముప్ఫై నలుగురిలోవాళ్ళు.

వాదాన్ని రాజేసింది మాత్రం ఆర్థికవేత్త థామస్ సోవెల్. 1974లో ఆయన రాసిన వ్యాసం ఇప్పటికీ ఈ చర్చకు కేంద్రం. 1899లో నగరంలోని నాలుగు అకడమిక్ హైస్కూళ్ళకు ఒకే పరీక్ష పెడితే, మూడు తెల్లబడుల్లో రెంటిని ఎం స్ట్రీట్ మించిపోయిందని ఆయన గుర్తుచేశాడు. డన్‌బార్ అంటే డాక్టర్ల, లాయర్ల పిల్లల బడి అన్న మాటనూ గట్టిగా ఖండించాడు. 1892-93 రికార్డుల్లో తల్లిదండ్రుల వృత్తి తెలిసిన మేరకు 51 మంది కూలీలైతే డాక్టరు ఒక్కడే. ఈ పాత లెక్కల్ని వెలికితీసి అందరి ముందూ పెట్టినందుకు సోవెల్‌కు రుణపడాలి. నల్లపిల్లలు చదవలేరు, పేదపిల్లలు పైకి రాలేరు అనే మాట ఆ లెక్కల ముందు నిలవదు.

ఆయన అక్కడితో ఆగలేదు. డన్‌బార్‌లో తరగతి గదులు కిక్కిరిసివుండేవి, సదుపాయాలు తక్కువ, అయినా పిల్లలు నెగ్గారు, కాబట్టి చదువుకు కావలసింది డబ్బూ తెల్లపిల్లల పక్కన చోటూ కాదు, క్రమశిక్షణా పట్టుదలా అన్నాడు. ఇక్కడ నాకు అభ్యంతరం ఉంది. అన్నిటికంటే విలువైన వనరు టీచరు. దక్షిణాది నల్లబడుల్లో చాలావాటికి లేని సమాన జీతాల స్కేలు డన్‌బార్‌కు ఉంది, డాక్టరేట్లున్న టీచర్లున్నారు, నగరమంతటి నుంచీ చదువు మీద ఆశ ఉన్న పిల్లలు వచ్చి చేరేవారు. ఇవి వనరులు కావా? గోడల సున్నం రాలిపోతోందని చూపి ఆ బడికి ఏమీ లేదంటే, అక్కడ ఉన్న అసలు సంపదను లెక్కలోంచి తీసేసినట్టే.

పొగడ్తల్లో సాధారణంగా దాటేసే మరో సంగతి ఉంది. బడి లోపల కూడా అంతరాలుండేవి. వాషింగ్టన్‌లో తరాలుగా స్వేచ్ఛగా బతికిన, లేత చర్మపు నల్లజాతి కుటుంబాలు సమాజంలో పైవరసలో ఉండేవి. చర్మం మరీ నలుపైన పిల్లలు, దక్షిణాది నుంచి కొత్తగా వలసొచ్చిన కుటుంబాల పిల్లలు తమను తక్కువగా చూశారని తర్వాత చెప్పుకున్నారు. 2013లో 'ఫస్ట్ క్లాస్' పేరుతో ఈ బడి చరిత్ర రాసిన జర్నలిస్టు ఆలిసన్ స్టూవర్ట్ తల్లిదండ్రులిద్దరూ డన్‌బార్ విద్యార్థులే. అయినా ఆమె ఈ చేదును కప్పిపుచ్చలేదు. ఉన్న పుస్తకాల్లో ఒక్కటే చదవాలంటే అదే చదవమంటాను.

నా దృష్టిలో డన్‌బార్ చరిత్రలో అన్నిటికంటే పెద్ద విషయం ఈ బడి తన పునాది కింద ఉన్న చట్టాన్నే కూల్చే మనుషుల్ని తయారుచేయడం. 1911లో ఎం స్ట్రీట్‌లో చదువు ముగించిన చార్లెస్ హ్యూస్టన్ ఆమ్‌హర్స్ట్, హార్వర్డ్ లా స్కూలు చదివి, 1929 నుంచి హోవర్డ్ యూనివర్సిటీ న్యాయకళాశాలను కొత్తగా తీర్చిదిద్దాడు. ఆయన శిష్యుడే బ్రౌన్ కేసు వాదించిన తుర్గుడ్ మార్షల్. 1934లో హ్యూస్టన్ సినిమా కెమెరా పట్టుకుని సౌత్ కరోలినా పల్లెల్లో తిరిగి, తెల్లపిల్లల బడులనూ నల్లపిల్లల బడులనూ ఫిల్ముకెక్కించాడు. ఇటుక భవనం ఒకవైపు, చెక్కల గుడిసె మరోవైపు. సమానమనే మాట మీద కోర్టులో ఎంత వాదించినా తేలనిది, ఆ రెండు బడుల్ని పక్కపక్కన చూపిస్తే తేలిపోతుందని ఆయన నమ్మకం. తన నగరంలో వేరు బడుల మీద పోరాటం మొదలుపెట్టిందీ ఆయనే. 1950లో చనిపోవడంతో ఆ కేసు జేమ్స్ నాబ్రిట్ చేతికి వెళ్ళింది. బ్రౌన్ తీర్పు వచ్చిన 1954 మే 17నే బోలింగ్ కేసుగా అదీ గెలిచింది.

మార్షల్‌తో పాటు అదే క్లాసులో చదివిన ఆలివర్ హిల్ కథ ఇంకా ఆసక్తికరం. వర్జీనియాలోని రోనోక్‌లో నల్లపిల్లలకు సరైన హైస్కూలు చదువు లేకపోవడంతో అతను ఇల్లు విడిచి వాషింగ్టన్ వచ్చి డన్‌బార్‌లో చేరాడు. లాయరై వర్జీనియాకే తిరిగివెళ్ళాడు. 1951 ఏప్రిల్‌లో ఫామ్‌విల్ అనే చిన్న పట్టణం నుంచి ఆయనకూ సహచరుడు స్పాట్స్‌వుడ్ రాబిన్సన్‌కూ పిలుపొచ్చింది. అక్కడి నల్లపిల్లల బడి రాబర్ట్ రుస్సా మోటన్ హైస్కూలు. 1939లో 180 మందికి కట్టిన భవనంలో 1951 నాటికి 450 మందికి పైగా ఉన్నారు. జిమ్ లేదు, భోజనశాల లేదు, ప్రయోగశాల లేదు. కొత్త బడి కట్టమంటే కౌంటీ పెద్దలు ఆవరణలో తారుకాగితం చుట్టిన చెక్క షెడ్లు వేసి చేతులు దులుపుకున్నారు. శీతాకాలం షెడ్డులో పొయ్యి పక్కన కూర్చున్న పిల్లకు ఒళ్ళు కాలిపోయేది, దూరంగా కూర్చున్న పిల్ల కోటు విప్పేది కాదు. వాన పడితే లోపల కారేది. చరిత్ర చెప్పే టీచరే బస్సు నడిపి, దిగీ దిగగానే పొయ్యిలు రాజేయాలి. ఆ బస్సు తెల్లబడి వాడి వదిలేసిన పాతది.

ఏప్రిల్ 23న బార్బరా జాన్స్ అనే పదహారేళ్ళ అమ్మాయి, ఒక అబద్ధపు కబురుతో ప్రిన్సిపాల్‌ను బయటికి పంపించి, పిల్లలందర్నీ హాల్లోకి పిలిచింది. టీచర్లను దయచేసి వెళ్ళమంది. కాలి బూటు తీసి బల్ల మీద కొట్టి అందర్నీ నిశ్శబ్దం చేసి, మంచి బడి వచ్చేదాకా క్లాసులో అడుగుపెట్టేది లేదని చెప్పింది. ప్రిన్సిపాల్‌ను పంపించేయడంలో ఒక తెలివి ఉంది. ఆయనకు ముందే తెలిసివుంటే ఉద్యోగం పోతుందని పిల్లలకు తెలుసు. తెలియకపోయినా పోయింది, అది వేరే సంగతి. రెండు వారాలు సమ్మె నడిచింది. కొత్త భవనం అడగడానికి బయల్దేరిన పిల్లలు, లాయర్ల మాట విని అసలు వేరు బడులే వద్దనేదాకా వెళ్ళారు. బ్రౌన్ కేసులో కలిపిన ఐదు దావాల్లో ఇదొకటి. మొత్తం ఫిర్యాదుదారుల్లో నాలుగింట మూడొంతుల మంది ఈ ఒక్క ఊరివాళ్ళు. కేసు పడ్డాక కౌంటీకి డబ్బు ఎక్కడినుంచి ఊడిపడిందో, 1953లో కొత్త మోటన్ హైస్కూలు కట్టేసింది. బార్బరాకు ప్రాణభయం ఉందని ఇంట్లోవాళ్ళు అలబామాలో ఉన్న తండ్రి సోదరుడు, మతబోధకుడు వెర్నన్ జాన్స్ దగ్గరకు పంపించారు.

కలిపి చదివించమని కోర్టు గట్టిగా చెప్పినప్పుడు, 1959లో, ఆ ప్రిన్స్ ఎడ్వర్డ్ కౌంటీ ప్రభుత్వ బడులన్నిటికీ తాళం వేసింది. తెల్లపిల్లలకు ప్రైవేటు అకాడమీ వెలిసింది. నల్లపిల్లలు ఐదేళ్ళు ప్రభుత్వ బడి లేకుండా మిగిలారు. 1964లో సుప్రీంకోర్టు జోక్యంతో తలుపులు తెరుచుకునేసరికి చాలామంది వయసు దాటిపోయింది. వేరు బడుల కాలాన్ని బంగారుకాలమనేవాళ్ళకు ఈ ఐదేళ్ళ సంగతి గుర్తుచేయాలి.

ఇక తీర్పు తర్వాతి కథకు వస్తే, ఇక్కడ నాకు ఎక్కువ బాధ కలుగుతుంది. తీర్పు రాకముందే, 1953లో, కాన్సాస్‌లోని టోపీకా స్కూళ్ళ సూపరింటెండెంటు కొందరు నల్లజాతి టీచర్లకు ఉత్తరాలు రాశాడు. వేరు బడులు పోతే వచ్చే ఏడు నల్లవారిని టీచర్లుగా పెట్టుకోవడానికి ఎక్కువమంది ఇష్టపడరు, కాబట్టి కాంట్రాక్టు పొడిగించలేనన్నది సారాంశం. అదే జరిగింది. మిస్సోరీలోని మోబర్లీలో 1955లో నల్లపిల్లల లింకన్ స్కూలును మూసి పిల్లల్ని తెల్లబడిలో కలిపారు. అక్కడి నల్లజాతి టీచర్లు 11 మందికీ ఉద్యోగాలు పోయాయి. కోర్టుకు వెళితే 1959లో అప్పీలు కోర్టు కూడా బోర్డునే సమర్థించింది. 1954, 1965 మధ్య దక్షిణ, సరిహద్దు రాష్ట్రాలు పదిహేడింటిలో సుమారు 38 వేలమంది నల్లజాతి టీచర్లూ ప్రిన్సిపాళ్ళూ ఉద్యోగాలు పోగొట్టుకున్నారన్నది పరిశోధకులు ఎక్కువగా చెప్పే అంచనా. 2022లో లెస్లీ ఫెన్విక్ రాసిన పుస్తకం, ఆ లెక్క చాలా తక్కువనీ, అంతకు రెండింతలు దాటుతుందనీ వాదిస్తుంది. నార్త్ కరోలినాలో 1963లో హైస్కూళ్ళకు 209 మంది నల్లజాతి ప్రిన్సిపాళ్ళుంటే 1970 నాటికి పదిమంది కూడా మిగల్లేదని డేవిడ్ సెసెల్‌స్కీ లెక్క చూపించాడు.

సెసెల్‌స్కీ 1994లో రాసిన పుస్తకం అదే రాష్ట్రంలోని హైడ్ కౌంటీ గురించి. నల్లపిల్లల రెండు బడులూ మూసేసి తెల్లబడిలో కలుపుతామంటే, 1968-69లో అక్కడి నల్లజాతి కుటుంబాలు ఏడాది పొడవునా పిల్లల్ని బడికి పంపలేదు. వాళ్ళు కలిసి చదవడాన్ని వ్యతిరేకించలేదు. మా బడి ఎందుకు మూయాలి, మీ పిల్లలు మా బడికి ఎందుకు రాకూడదు అన్నదే వాళ్ళ ప్రశ్న. చివరికి గెలిచి తమ బడుల్ని నిలుపుకున్నారు. మిగతా చాలాచోట్ల ఈ ప్రశ్న వేసే వ్యవధి కూడా దొరకలేదు. తాతలు కలప మోసి కట్టిన హైస్కూలు జూనియర్ హైస్కూలుగానో, గోదాముగానో మారింది. బడి పేరు పోయింది, రంగులు పోయాయి, గెలుచుకున్న కప్పులు ఎక్కడ పడ్డాయో తెలియలేదు.

చదువుల్లోనే కాదు, ఆటల్లోనూ ఆ కప్పుల విలువ తెలుసుకోవాలంటే ఇండియానాపోలిస్‌లోని క్రిస్పస్ ఆటక్స్ హైస్కూలును చూడాలి. నల్లపిల్లల్ని వేరుచేయడానికే 1927లో దాన్ని తెరిచారు. 1955లో, తర్వాత పెద్ద ఆటగాడైన ఆస్కార్ రాబర్ట్‌సన్ ఉన్న జట్టు రాష్ట్ర బాస్కెట్‌బాల్ పోటీ గెలిచింది. అన్ని జాతులూ ఆడే రాష్ట్ర పోటీని మొత్తం నల్లపిల్లలున్న బడి గెలవడం దేశంలో అదే మొదలు. గెలిచిన జట్టును నగరం నడిబొడ్డున ఊరేగించడం ఆనవాయితీ. ఆటక్స్ పిల్లల ఊరేగింపును అక్కడ నిలవనివ్వకుండా నల్లవారి పేటలోని పార్కుకు మళ్ళించారు. రాబర్ట్‌సన్ దాన్ని ఆ తర్వాత ఏనాడూ మరవలేదు.

వాషింగ్టన్ డన్‌బార్‌లో టీచర్లను ఎవరూ మూకుమ్మడిగా తీసేయలేదు. అక్కడ జరిగింది మరో రకం. 1954 సెప్టెంబరు నుంచి ఏ పేట పిల్లలు ఆ పేట బడికే వెళ్ళాలన్నారు. నగరమంతటి నుంచీ పిల్లల్ని రప్పించుకున్న బడి ఒక్క పేదపేట బడిగా మిగిలింది. స్థోమత ఉన్న నల్లజాతి కుటుంబాలకు వేరే బడులు తెరుచుకున్నాయి. డాక్టరేట్లున్న యువతకు యూనివర్సిటీల్లో చోటు దొరకడం మొదలైంది. అది వాళ్ళ హక్కు, అందులో తప్పు పట్టడానికేమీ లేదు. పాత టీచర్లు రిటైరయ్యారు. 1956 నుంచి నగరంలో పిల్లల్ని ప్రతిభ పేరుతో వేర్వేరు ట్రాకులుగా విడదీశారు. పేద నల్లపిల్లలు కింది ట్రాకుల్లో కూరుకుపోయారు. 1967లో ఒక ఫెడరల్ జడ్జి ఆ పద్ధతిని కొట్టేశాడు. 1977లో పూర్వ విద్యార్థులు ఎంత మొత్తుకున్నా 1916 నాటి భవనాన్ని పడగొట్టారు. దాని స్థానంలో వచ్చిన కాంక్రీటు కట్టడం ఎక్కువ కాలం నిలవలేదు. 2013లో పాత స్థలంలోనే కొత్త భవనం తెరిచారు. అక్కడ నేల మీద పూర్వ విద్యార్థుల పేర్లతో ఫలకాలు పొదిగారు. కొన్ని ఫలకాలు ఖాళీగా వదిలారు, రాబోయే పిల్లల పేర్ల కోసం.

మరి కలిపి చదివించడం వల్ల మేలు జరగలేదా? జరిగింది. ఆర్థికవేత్త రకర్ జాన్సన్ 2019లో రాసిన పుస్తకంలో, కోర్టు ఆదేశాలతో కలిసిన బడుల్లో చదివిన నల్లపిల్లల్ని పెద్దయ్యాక కూడా వెంబడించి చూశాడు. వాళ్ళు ఎక్కువ చదివారు, ఎక్కువ సంపాదించారు, జైలుకు తక్కువ వెళ్ళారు. తెల్లపిల్లలకు నష్టం కలగలేదు. కారణాల్లో ముఖ్యమైనది డబ్బు. ఒక్కో పిల్ల మీద ఖర్చు పెరిగింది, తరగతిలో పిల్లల సంఖ్య తగ్గింది. ఇంకోవైపు 2017లో వెలువడ్డ ఒక అధ్యయనం, నార్త్ కరోలినాలో మూడు నుంచి ఐదు తరగతుల్లో కనీసం ఒక నల్లజాతి టీచరు దగ్గర చదువుకున్న నిరుపేద నల్లజాతి మగపిల్లలు హైస్కూలు మధ్యలో మానేయడం 39 శాతం తగ్గిందని చెప్పింది. ఈ రెండు ఫలితాలూ ఒకదాన్నొకటి కొట్టేసుకోవు. మొదటిది చూపేది నల్లపిల్లలకు ఎన్నేళ్ళుగానో దక్కని డబ్బు, రెండోది చూపేది కలిపే పేరుతో వాళ్ళ నుంచి లాక్కున్న మనుషులు. ఒక చేత్తో ఇస్తూ రెండో చేత్తో తీసుకున్నారు.

ఈ ప్రమాదాన్ని ముందే పసిగట్టినవాళ్ళు లేకపోలేదు. 1935లోనే డుబోయిస్, నల్లపిల్లలకు వేరు బడా కలిపిన బడా అన్నది అసలు ప్రశ్న కాదనీ, వాళ్ళను మనుషులుగా చూసి చదువు చెప్పే బడి ఎక్కడుంటే అదే కావాలనీ రాశాడు. రచయిత్రి జోరా నీల్ హర్స్టన్ 1955లో ఒక దినపత్రికకు ఉత్తరం రాస్తూ బ్రౌన్ తీర్పును తప్పుపట్టారు. నల్లజాతి బడులూ టీచర్లూ ఉండగా, తెల్లపిల్లల పక్కన కూర్చుంటేనే చదువు వస్తుందన్నట్టు మాట్లాడటం అవమానమని ఆమె బాధ. హర్స్టన్ ముగింపుతో నేను ఏకీభవించను. నల్లబడులన్నీ డన్‌బార్లు కావు, చాలావరకు తారుకాగితపు షెడ్లే. కానీ ఆమెను నొప్పించిన మాటలో నిజం ఉంది. తీర్పు కోసం వాడిన వాదనల్లో నల్లబడి అంటేనే తక్కువ రకం అన్న ధ్వని బలంగా వినిపించింది. బడుల్ని కలిపే అధికారులు ఆ ధ్వనినే పట్టుకుని, తక్కువ రకం బడిలోని టీచరు కూడా తక్కువ రకమేనని తీర్మానించారు.

వెనెస్సా సిడిల్ వాకర్ 1996లో రాసిన పుస్తకం ఈ అపోహను నేరుగా ఢీకొంది. నార్త్ కరోలినాలోని కాస్వెల్ కౌంటీ ట్రెయినింగ్ స్కూలు 1934 నుంచి 1969 దాకా నడిచింది. అక్కడి నుంచి డన్‌బార్ లాగా సెనేటర్లూ జనరల్సూ రాలేదు. ప్రిన్సిపాల్ ఎన్. ఎల్. డిల్లార్డ్, ఆయన టీచర్లు పిల్లల ఇళ్ళకు వెళ్ళేవారు, చర్చిలో తల్లిదండ్రుల పక్కన కూర్చునేవారు. కౌంటీ బస్సు ఇవ్వకపోతే తల్లిదండ్రులే చందాలతో కొన్నారు. ఆమె 2018లో రాసిన మరో పుస్తకం, జార్జియాలో నల్లజాతి టీచర్ల సంఘం దశాబ్దాలపాటు తెరవెనక ఉండి సమానత్వ పోరాటాన్ని ఎలా నడిపిందో చూపిస్తుంది. ఉద్యోగం పోతుందన్న భయంతో వాళ్ళు బహిరంగంగా మాట్లాడలేదు, అందుకే చరిత్ర వాళ్ళను పిరికివాళ్ళుగా రాసింది. డన్‌బార్ మీద ఇంత రాత ఉంది, ఇలాంటి మామూలు బడుల మీద ఎంతో తక్కువ. దక్షిణాదిలో మూతపడ్డ వందల హైస్కూళ్ళ హాజరుపట్టీలు, సంచికలు, ఫొటోలు పూర్వ విద్యార్థుల ఇళ్ళలో పెట్టెల్లో ఉన్నాయి. ఆ తరం వయసు మళ్ళుతోంది. ఈ విషయంలో పని చేయదలచిన పరిశోధకులు ఎవరైనా మొదట వెళ్ళవలసింది ఆ ఇళ్ళకే.

మోటన్ హైస్కూలు పాత భవనం ఇప్పుడు మ్యూజియం. వర్జీనియా తన తరఫున అమెరికా పార్లమెంటు భవనంలో నిలిపిన, అంతర్యుద్ధంలో దక్షిణాది సైన్యాధిపతి అయిన రాబర్ట్ లీ విగ్రహాన్ని 2020 డిసెంబరులో తొలగించి, ఆ చోటుకు బార్బరా జాన్స్‌ను ఎంపికచేసింది. అమెరికా ప్రభుత్వ బడుల్లో ఇప్పుడు నల్లపిల్లలు నూటికి పదిహేను మంది దాకా ఉంటే, నల్లజాతి టీచర్లు నూటికి ఆరేడుగురే.